సోమవారం గుంటక

ఉచ్చంగెమ్మ అప్పీలు పోయింది జూలై ఇరవై నాలుగు, బుధవారం నాడు.

ధార్వాడ హైకోర్టులో పొద్దున పదకొండుంబావుకు ఆ నంబరు ఒకసారి పిలిచారు. ఎవరూ లేచి నిలబడలేదు. మధ్యాహ్నం మూడింటికి మళ్ళీ పిలిచారు. అప్పుడూ ఎవరూ లేరు. దాని వెనక నంబరు యశోదది. అదీ అంతే. రెండు అప్పీళ్ళకూ కలిపి నాలుగు నిమిషాలు పట్టలేదు. హాజరు కానందున కొట్టివేయడమైనదని రాసి, తర్వాతి నంబరు పిలిచారు.

ఆ మూడు గంటలకు ఉచ్చంగెమ్మ కురుగోడు బయట ఎవరిదో పత్తి చేలో కలుపు తీస్తోంది. తన కేసు ఆ రోజు ఉందని ఆమెకు తెలియదు. పోయిందని పదకొండు రోజుల తర్వాత తెలిసింది. అది చెప్పినవాళ్ళు ఇంకొక మాట కూడా చెప్పారు. వాయిదా సంగతి ఆమె భర్త యల్లప్పకు ముందే తెలుసట. తెలిసినట్టు సంతకం కూడా చేశాడట.

ఆగస్టు పది, శనివారం పొద్దున, బళ్ళారిలో నెట్టికంటప్ప ఇంటి గడప దగ్గర కూర్చుని ఆమె అడిగింది దాని గురించే.

“నా మొగుడే కేసు అమ్ముకున్నాడేమో అన్నా. నువ్వు కనుక్కోని చెప్పు. నిజమైతే ఆ మనిషికి ఇంక రొట్టె తట్టి పెట్టను.”

“అడిగినావా ఆయన్ని?”

“మాట్లాడితే గదా! ఆరు దినాలాయె. ఎద్దులతో మాట్లాడతాడు, నాతో మాట్లాడడు.”

నెట్టికంటప్ప ట్రాఫిక్ స్టేషన్లో ముప్పై నాలుగేళ్ళు పనిచేసి, హెడ్ కానిస్టేబుల్‌గా దిగిపోయినవాడు. ఇప్పుడు యాక్సిడెంటు కేసుల్లో ఎవరైనా వచ్చి అడిగితే నిజానిజాలు తేల్చిపెడుతుంటాడు. ఎవరు వచ్చినా ఆయన ముందుగా అడిగేది గంటలు, నిమిషాలు.

ఈ కేసులోనూ అన్నీ గంటలే. మూడేళ్ళ కిందట ఒక శనివారం, యల్లప్ప కొడుకు యల్లేష్, అతని స్నేహితుడు, యశోద కొడుకు ఈరేష్, దోణిమలై గనిలో షిఫ్టు దిగి మోటారు సైకిల్ మీద బయలుదేరారు. సాయంత్రం ఏడు గంటలకు ఖనిజం లారీ కింద పడి ఇద్దరూ చనిపోయారు. లారీ ఐదింటికే చెడిపోయి రోడ్డు పక్కన నిలిచి ఉందనీ, వీళ్ళు తాగి వచ్చి దాన్ని గుద్దుకున్నారనీ ఇన్సూరెన్స్ కంపెనీ చెప్పింది. కింది కోర్టు నమ్మింది. తప్పు చనిపోయినవాళ్ళదే అని తీర్పు రాసింది. అప్పీలు వేశాక ఒక చీటీ దొరికింది. గని గేటు దగ్గర వేబ్రిడ్జి కాటా చీటీ. అదే లారీ, నిండు లోడుతో, ఆ సాయంత్రం ఆరూ యాభై రెండుకు కాటా ఎక్కింది. ఐదింటికి చెడిపోయిన లారీ ఆరూ యాభై రెండుకు కాటా ఎలా ఎక్కుతుందన్న ప్రశ్నే అప్పీలు మొత్తం.

“వాడు తాగడన్నా,” అంది ఉచ్చంగెమ్మ. “తాగి చచ్చినాడని కోర్టు కాగితంలో ఉండాది. ఆ మాట కొట్టేయాల. నాకు అంతే.”

కొట్టేసిన అప్పీలును మళ్ళీ తెరవమని అడగడానికి ముప్పై రోజుల గడువు. ఆగస్టు ఇరవై మూడు ఆఖరు. రాకపోవడానికి సరైన కారణం చూపించాలి. సంతకం చేసి కూడా రాలేదంటే కారణం వినేవాళ్ళు లేరు.

పిలిచినప్పుడు లేకపోవడం ఎలా ఉంటుందో నెట్టికంటప్పకు తెలుసు. ఆస్పత్రిలో పోయే ముందు ఆయన భార్య రెండుసార్లు ఆయన పేరు పిలిచిందట. ఆయన ఆ పొద్దు ఎవరో మంత్రి వస్తున్నాడని కూడలిలో చెయ్యి చాపి నిలబడి ఉన్నాడు. ఆ సంగతి ఆయన ఎవరితోనూ అనడు. “కనుక్కుంటాలేమ్మా,” అని చెప్పులు తొడుక్కున్నాడు.

పదకొండున్నరకు నెట్టికంటప్ప, ఉచ్చంగెమ్మ వకీలు శివరామకృష్ణయ్య ఆఫీసులో ఉన్నాడు. శివరామకృష్ణయ్యది కాలువ కింద, క్యాంపు అని పిలిచే వలస రైతుల ఊళ్ళో స్థిరపడ్డ కోస్తా కుటుంబం. జూన్‌లో కంటి ఆపరేషన్ అయ్యాక ధార్వాడ కేసులన్నీ వదులుకున్నాడు. ఇప్పుడు ఆఫీసు చూసేది కూతురు రేణుక. వకీలు తప్పుకోవాలంటే కక్షిదారుకు ముందే చెప్పినట్టు కోర్టుకు రుజువు చూపాలి. చెప్పి రావలసిన పని గుమాస్తా దేవరాజ్‌ది.

“దేవరాజ్ వెళ్ళి చెప్పాడండీ. రిపోర్టు రాసిచ్చాడు. అది చూసే కోర్టు నన్ను వదిలింది,” అన్నాడు శివరామకృష్ణయ్య, నల్ల కళ్ళద్దాలు తీయకుండానే.

“మీరు చదివినారా సార్?”

“అప్పటికి కళ్ళకు కట్లు ఉన్నాయి. అతను చదివితే విన్నాను, వేలు పెట్టి చూపించిన చోట సంతకం చేశాను. ముప్పై ఏళ్ళ నుంచి ఉన్న మనిషి. ఒక్క తేదీ తప్పు రాయలేదు. ఒక్క నిమిషం తప్పు వెయ్యలేదు.”

“యాడున్నాడు?”

తండ్రీ కూతుళ్ళు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. రేణుక గొంతు తగ్గించింది. “గురువారం ధార్వాడ పంపించామండీ, నకళ్ళు తెమ్మని. మా ముగ్గురికి తప్ప ఎవరికీ తెలియదు. మళ్ళీ తెరిపిస్తున్నామని అవతలివాళ్ళ చెవిన పడకూడదని.”

“కాటా చీటీ?”

“అసలుది అతని సంచిలోనే ఉంది. పిటిషన్‌కు జత చెయ్యాలి కదా. ఫోను మాత్రం నిన్నటి నుంచి పలకడం లేదు.”

నెట్టికంటప్ప రిపోర్టు చేతికి తీసుకున్నాడు. కన్నడంలో, గుండ్రటి అక్షరాలతో, ఎనిమిది పంక్తులు. జూలై ఎనిమిది, ఉదయం తొమ్మిదిన్నర. కురుగోడు. యల్లప్ప తన చేలో ఎద్దులు కట్టి గుంటక తోలుతున్నాడు. వకీలు తప్పుకుంటున్న సంగతీ, వాయిదా తేదీ చదివి వినిపించాను. వేరే వకీలును పెట్టుకుంటానన్నాడు. సంతకం చేశాడు. కింద యల్లప్ప సంతకం, పాత వకాలత్ మీద ఉన్నట్టే, చివరి అక్షరం కొంచెం పైకి లేచి ఉంది.

“ఇది ఆయన చేసిన సంతకమే,” అన్నాడు నెట్టికంటప్ప.

రేణుక తల దించుకుంది. “నాకూ అలాగే ఉందండీ. అందుకే ఉచ్చంగెమ్మ గారి ముఖం చూడలేకపోయాను.”

“యశోదమ్మకు కూడా ఇట్లాంటిది ఒకటి రాసుంటాడు గదా?”

“అది వేరే నంబరు, వేరే ఫైలు. మా దగ్గర కాపీ కనిపించలేదు. ధార్వాడలో నా స్నేహితురాలు ఉంది. ఫోటో తీసి పంపమంటాను. సోమవారం అవుతుంది.”

సోమవారం తొమ్మిదీ పదికి నెట్టికంటప్ప కురుగోడులో బస్సు దిగాడు. యల్లప్పను ముందుగా చూడకుండా, చేను చూశాడు. నాలుగెకరాల నల్లరేగడి. మొన్నటి వానకు తడిసి, సేద్యానికి పదును కుదిరి ఉంది. గట్టు మీద నుంచి చూస్తే రిపోర్టులో అబద్ధమేమీ కనిపించలేదు. బండిబాట చేనుకు ఆనుకునే ఉంది. దేవరాజ్ బండి ఆపి నాలుగు అడుగులు వేస్తే యల్లప్ప దగ్గరికి చేరుకోవచ్చు. గట్టు పక్కన పెట్టిన గుంటక, కలుపు కోసే దాని పలక మీద మట్టి ఎండి ఉంది. అంటే వాడుకలో ఉన్నదే. ఆయన మనసులో యల్లప్ప మీద అనుమానం ఇంకొక మెట్టు పైకెక్కింది.

చేను చివర కొట్టంలో యల్లప్ప ఎద్దులకు చొప్ప వేస్తున్నాడు. అరవై అయిదేళ్ళ మనిషి. వచ్చింది ఎవరో తెలిసి కూడా చేతి పని ఆపలేదు. ఉచ్చంగెమ్మ కొట్టం బయటే, గోడకు ఆనుకుని నిలబడింది. లోపలికి రాలేదు.

“యల్లప్పన్నా, దేవరాజ్ నీ దగ్గరికి ఎప్పుడు వచ్చిండె?”

“రాలేదు.”

“జూలైలో?”

“రాలేదంటి గదప్పా.”

“సంతకం నీదే ఉండాది.”

యల్లప్ప చొప్ప కింద పడేశాడు. “సంతకం! వకీలాఫీసులో తెల్ల కాగితాల మింద అయిదో ఆరో చేయించుకునిరి, కేసు వేసిన పొద్దు. మాటిమాటికీ బళ్ళారికి తిరగాల్సిన పని లేదని. నాకు సంతకం నేర్పించింది ఎవురనుకున్నావు? యల్లేషు. ఈ కొట్టంలోనే, బొగ్గుతో గోడ మింద రాసి నేర్పిచ్చినాడు. వేలిముద్ర వేస్తే సిగ్గుగా ఉండాది నాయనా అనె. వాడు నేర్పిన సంతకంతో వాణ్ణే అమ్ముకుంటానా?”

గోడ మీద ఆ అక్షరాలు ఇంకా ఉన్నాయి. సున్నం వేసినప్పుడు అంత మేర వదిలేసి వేశారు.

నెట్టికంటప్ప కాసేపు వాటిని చూశాడు. బాధ నిజమైనదే కావచ్చు. కానీ బాధపడే మనుషులు అబద్ధాలు చెప్పడం ఆయన చాలా చూశాడు. అడగవలసింది ఇంకేదో ఉందనిపించింది. చూపు ఎద్దుల మీదికి పోయింది. రెండూ కడుపునిండా మేసి పడుకుని ఉన్నాయి. కాడి గోడ చీలకు వేలాడుతోంది.

“ఇంత పదునులో ఎద్దుల్ని ఏలన్నా కట్టేసినావు? పొద్దు గూడ పైకొచ్చె.”

యల్లప్ప ఆయన వైపు మొదటిసారి సూటిగా చూశాడు. “ఈ పొద్దు ఏం వారమప్పా?”

“సోమవారం.”

“మరి? యా ఊరోనివి నువ్వు? సోమారం ఎద్దు మెడ మింద కాడి పెట్టేదుందా? బసవన్న వారం గదా. వాన రానీ, పదును పోనీ, ఈ ఊర్లో ఎవురూ కట్టరు. నేను కడితే తొమ్మిది గంటలకల్లా ఊరంతా వచ్చి నా వాకిట నిలబడతారు.”

నెట్టికంటప్ప జేబులోంచి ఫోను తీశాడు. క్యాలెండరు వెనక్కి తిప్పాడు. జూలై ఎనిమిది. వేలితో ఆ గడి మీద నొక్కి, వారం పేరు రెండుసార్లు చదువుకున్నాడు.

“అమ్మా ఉచ్చంగెమ్మా, ఇట్ల రా,” అన్నాడు. “ఆ కాగితంలో మీ ఆయన గుంటక తోలతాండె అని రాసింది ఒక సోమవారం నాడు.”

ఆమె గడపలో ఆగిపోయింది. ఫోను వైపు చూడలేదు. భర్త వైపు చూసింది. పక్కనున్న ఇంట్లోకి పోయి, చెంబుతో మజ్జిగ తెచ్చి, ఆయన ముందు పెట్టింది. ఎనిమిది రోజుల తర్వాత ఆమె ఆయనతో అన్న మొదటి మాట, “ఉప్పు వేసినా, తాగు.”

అప్పుడే బండిబాట మీద తెల్ల కారు వచ్చి ఆగింది. తొమ్మిదీ యాభై.

దిగినవాడు ప్రవీణ్‌కుమార్. ఇన్సూరెన్స్ కంపెనీ తరఫున విచారణలు చేసేవాడు. యల్లేష్ తాగి ఉన్నాడని మూడేళ్ళ కిందట రిపోర్టు రాసింది అతనే. ఇస్త్రీ చొక్కా, చేతిలో ప్లాస్టిక్ ఫోల్డరు. నెట్టికంటప్పను చూడగానే నవ్వాడు.

“హెడ్డు గారా! ఇక్కడ కూడా చెయ్యి చాపి నిలబడ్డారేంటి? ఎద్దులకు సిగ్నల్ ఇస్తున్నారా?”

“నీ అట్లాంటివి అడ్డం వస్తాంటాయి గదప్పా. ఎవురో ఒకరు ఆపాల.”

“బావుంది. పెద్దాయనా, ఒక్క సంతకం కావాలి.” ప్రవీణ్‌కుమార్ ఫోల్డరు తెరిచాడు. “కేసు పోయింది కదా. కంపెనీ జాలిపడి ఏదో సాయం చేస్తానంటోంది. ఇంక ఈ కేసు జోలికి రామని రాసిస్తే చాలు.”

“పోయిన కేసుకు సంతకమేంటికి?” అన్నాడు నెట్టికంటప్ప. “చచ్చిన పామును కట్టేయాలని తాడు తెచ్చినట్టుండాది.”

“మీకు చట్టం తెలియదులెండి.”

“లేదు. గంటలు తెలుసు. చేను చూసినావా? మంచి పదును. ఎద్దులేమో పడుకోనుండాయి. ఏల పడుకోనుండాయో చెప్పు చూద్దాం.”

ప్రవీణ్‌కుమార్ కొట్టం లోపలికి ఒకసారి చూసి భుజాలెగరేశాడు. “ఏముంది, ముసలాయనకు ఓపిక లేక. ఈ కాలంలో ఎద్దులేంటండీ? మా క్యాంపులో ఎద్దును చూసి ఇరవై ఏళ్ళయింది. గంటలో ట్రాక్టరు దున్నేస్తుంది.”

యల్లప్ప మజ్జిగ చెంబు కింద పెట్టాడు. నెట్టికంటప్పకు గుండెలో ఏదో వెచ్చగా పాకింది. ఎద్దుల వారం తెలియనివాడు ఎదురుగా నిలబడి ఉన్నాడు. ఆ రిపోర్టు పుట్టింది ఇతని నోట్లోనే, దేవరాజ్ చేసింది దాన్ని కాగితం మీద పెట్టడమే అనిపించింది. ఆ వేడిలో ఆయన అనవలసిన దానికంటే ఎక్కువ అన్నాడు.

“ఈ పొద్దు సోమవారమప్పా. ఈ ఊర్లో సోమవారం కాడి కట్టరు. నీ రిపోర్టులో గుంటక తోలింది గూడ సోమవారమే. ఆ ఒక్క మాట చాలు కోర్టుకు.”

ప్రవీణ్‌కుమార్ నవ్వు ఆగలేదు. కానీ ఫోల్డరు మూసే చెయ్యి ఆలస్యంగా కదిలింది. “నా రిపోర్టేంటి? రాసింది దేవరాజ్ కదా.”

“అవును. దేవరాజ్ ఈ రాత్రికి వస్తాడు. వచ్చి ఆయనే చెప్తాడు,” అని నెట్టికంటప్ప ఒక అబద్ధం వేసి చూశాడు.

“రాడులెండి.” అని, వెంటనే, “అంటే, ధార్వాడలో పనులు ఒక రోజుతో తెమలవు కదా,” అన్నాడు.

కొట్టంలో ఎద్దు ఒకటి తోక విదిలించింది. నెట్టికంటప్ప గొంతు తగ్గించాడు.

“దేవరాజ్ ధార్వాడ పోయినాడని నీకు ఎవురు చెప్పిరి? నేను చెప్పలే. వకీలాఫీసు దాటి పోలేదు ఆ మాట.”

“ఊళ్ళో అందరికీ తెలుసు.”

“యా ఊళ్ళో?”

ప్రవీణ్‌కుమార్ ఫోల్డరు చంకలో పెట్టుకున్నాడు. కారు దగ్గరికి నడిచి, తలుపు తీసి, వెనక్కి తిరిగి యల్లప్పను అడిగాడు. “పెద్దాయనా, ఈ సోమవారం కట్టుబాటు ఈ ఒక్క ఊళ్ళోనేనా? దేవరాజ్ కూడా ఈ ఊరివాడే కదూ?”

“ఈ ఊరోడే. వాళ్ళ నాయన రెండు జతల ఎద్దులు కట్టె. సోమారం బసవన్నకు దీపం పెట్టే వంతు గూడ వాళ్ళదే,” అన్నాడు యల్లప్ప, అడిగినదానికి నిజం చెప్పే మనిషి కాబట్టి.

కారు వెనక్కి తిరిగి వెళ్ళిపోయింది. పదీ అయిదు.

దుమ్ము అణగకముందే నెట్టికంటప్ప ఫోను మోగింది. రేణుక. యశోద ఫైలు ఫోటో పంపించింది. అవే గుండ్రటి అక్షరాలు. జూలై ఎనిమిది, ఉదయం తొమ్మిదీ నలభై. దోణిమలై. యశోద ఇంటి వాకిట నిలబడి, వాయిదా తేదీ చదివి వినిపించాను.

ఆయన రెండు రిపోర్టుల గంటలనూ పక్కపక్కన పెట్టుకుని చూశాడు. కురుగోడు చేలో తొమ్మిదిన్నర. దోణిమలై వాకిట తొమ్మిదీ నలభై. మధ్యలో బళ్ళారి, సండూరు కొండలు, ఎనభై కిలోమీటర్ల దారి. పది నిమిషాలు.

వేర్వేరు ఫైళ్ళు కాబట్టి కోర్టులో ఎవరూ రెండూ కలిపి చూడలేదు. ఒక్క నిమిషం తప్పు వెయ్యని మనిషి ఒకే పొద్దున రెండు తప్పులు వేశాడు. ఒకటి గడియారంలో. రెండోది, బసవన్న దీపం ఇంట్లో పుట్టినవాడు నిద్రలో కూడా చెయ్యని తప్పు.

“అన్నా,” అన్నాడు యల్లప్ప మెల్లగా. ఆయనా అదే ఆలోచిస్తున్నాడు. “దేవరాజుకు తెలీక రాసింది గాదప్పా అది.”

“కాదు,” అన్నాడు నెట్టికంటప్ప. “మెడ మీద కత్తి పెట్టి రాయించినారు. రాసినాడు. ఎవరైనా నీ కొట్టందాకా వస్తే అబద్ధమని తెలిసేటట్టు రాసినాడు.”

ఇందాకటి వేడి అంతా ఆయన ఒంట్లోంచి దిగిపోయింది. ప్రవీణ్‌కుమార్ ఈ పొద్దు పది గంటల దాకా దేవరాజ్‌ను తన మనిషే అనుకున్నాడు. చెప్పింది చెప్పినట్టు రాసిన గుమాస్తా అనుకున్నాడు. కాదని అతనికి తెలియజేసింది ఇంకెవరో కాదు. ఆ మాట ఇప్పుడు తెల్ల కారులో పోతోంది.

ఫోనులో రేణుక ఇంకా ఉంది. “నెట్టికంటప్ప గారూ, వింటున్నారా? దేవరాజ్ భార్య అంబిక ఇప్పుడే మా ఆఫీసుకు వచ్చింది. అతని బండి హగరి రైలు స్టేషన్ బయట ఉందట. గురువారం పొద్దున నుంచీ అక్కడే ఉందని టీ కొట్టువాళ్ళు చెప్పారట. ధార్వాడ వెళ్ళేవాడు బళ్ళారిలో రైలెక్కాలి గానీ, ఎదురు దిక్కున హగరికి ఎందుకు పోతాడండీ?”

“దాక్కోవడానికి పోయుంటాడమ్మా. లేదా ఎవరైనా పిలిస్తే పోయుంటాడు. బండి తాళం?”

అవతల ఆడవాళ్ళిద్దరూ ఏదో మాట్లాడుకున్నారు. “బండికే ఉందట.”

“దాక్కునేవాడు తాళం వదిలిపెట్టడమ్మా. పోలీసు స్టేషన్‌కు పోండి. ఇద్దరూ పోండి. మనిషి కనిపించలేదని రాసివ్వండి. ఎన్ని గంటలకు రాసిచ్చినారో దాని మీద వేయించుకోండి.”

బళ్ళారి బస్సు పదీ నలభైకి. అంటే ఆ కారు వెనక ముప్పై అయిదు నిమిషాలు. నెట్టికంటప్ప కొట్టంలోంచి బయటికి వచ్చేసరికి ఉచ్చంగెమ్మ దారికి అడ్డంగా నిలబడింది.

“అన్నా, కేసు మళ్ళీ తెరుస్తారా?”

ఏదో ఒకటి చెప్పి పోవచ్చు. ఆయన చెప్పలేదు. చెప్పగలిగినంత వరకే చెప్పాడు.

“నీ మొగుడు అమ్ముకోలేదమ్మా. అది తేలె. మిగిలింది తేలలేదు.”

ఆమె పక్కకు తప్పుకుంది. ఆయన బండిబాట పట్టుకుని, కారు చక్రాల గుర్తుల మీదుగా, బస్సు స్టాండు వైపు నడిచాడు.

గడువుకు ఇంకా పదకొండు రోజులున్నాయి. పిటిషన్ రాయలేదు. కాటా చీటీ దేవరాజ్ సంచిలో ఉంది. దేవరాజ్ దొరకలేదు.